గడువు తీరిన ఆజ్ఞ

నీరు పోయిన పిదప గట్టు కట్టుటను మన పెద్దలు గతజలసేతుబంధనమనిరి. ప్రయోజనము లేని పనిని పరిహసించుటకు పుట్టిన సామెత యిది. కాని గట్టు కట్టవలసినవాడు నీరు పోవువరకు కావలెననియే కాలయాపనము చేసి, పిదప "నీరు పోయినది గదా, ఇక గట్టేల?" యని తానే యడిగెనేని, ఆ పరిహాసము ఎవరికి చెందవలెను? సామెతలో దీనికి సమాధానము లేదు. న్యాయస్థానముల చరిత్రలో మాత్రము ఈ ప్రశ్న చిరకాలమునుండి నలుగుచున్నది.

విషయమిది. ఒక జిల్లా మేజిస్ట్రేటో, పోలీసు కమిషనరో, పురపాలకాధికారియో ఒక ఆజ్ఞ వెలువరించును: ఈ వీథిలో సభ కూడదు, ఈ దినములలో ఊరేగింపు కూడదు, ఈ సంఘము నేటితో రద్దు. ఆ యాజ్ఞ అన్యాయమని తోచినవాడు కోర్టున కేగును. అర్జీ విచారణకు వచ్చునప్పటికి ఆజ్ఞ గడువు తీరిపోవును. లేదా ఇచ్చినవారే దానిని ఉపసంహరింతురు. న్యాయమూర్తి "అర్జీ నిష్ఫలమైనది" అని రెండు పంక్తులు వ్రాసి కొట్టివేయును. ఆజ్ఞ చట్టబద్ధమా కాదా యన్న మాట ఎవ్వరును చెప్పరు.

మన కోర్టులలో దీనికి వాడుకలోనున్న మాట 'ఇన్‌ఫ్రక్చువస్'. ఫలమను నర్థముగల లాటిను శబ్దమునుండి వచ్చినది గనుక మన 'నిష్ఫలము' దానికి చక్కగా సరిపోవును. అమెరికావారు దీనినే 'మూట్' అందురు. ఈ మాట చరిత్ర వింతగా నున్నది. ప్రాచీనాంగ్లభాషలో మూట్ అనగా సభ. జనులు కూడి తగవులు తీర్చుకొను మన రచ్చబండ వంటిది. పిదప లండనునందలి న్యాయవిద్యాలయములలో విద్యార్థులు కల్పిత వ్యాజ్యములను తీసికొని వాదించు అభ్యాసమునకు ఆ పేరు కలిగెను. అచ్చటినుండి 'వాదమునకే గాని వ్యవహారమునకు పనికిరాని ప్రశ్న' యను నర్థము వచ్చి చేరినది. నిజమైన తగవులు తీర్చు రచ్చకు పెట్టిన పేరు, తీర్ప నక్కరలేని తగవునకు పేరైనది.

మన దేశమున ఈ కథకు మూలము ఇంటింట తెలిసిన నూట నలుబదినాలుగవ సెక్షను. 1861వ సంవత్సరపు క్రిమినల్ ప్రొసీజరు కోడులో ఇది 62వ సెక్షను, 1872లో 518, 1882లో 144 యై, 1898లోను 1973లోను ఆ సంఖ్యనే నిలుపుకొన్నది. 2024 జూలై 1వ తేదీనుండి అమలులోనికి వచ్చిన భారతీయ నాగరిక సురక్షా సంహితలో 163 యైనది. సంఖ్యలు మారినవి గాని స్వభావము మారలేదు. శాంతిభద్రతలకు భంగము కలుగునని తోచినప్పుడు మేజిస్ట్రేటు, అవసరమైనచో ఎదుటివాని మాట వినకయే, ఒక పనిని నిషేధింపవచ్చును.

1872 నాటి కోడులో ఇట్టి యాజ్ఞలు న్యాయవ్యవహారములే కావని స్పష్టముగా వ్రాసియుండెను. అనగా పైకోర్టులు వీనిని పరిశీలింపరాదని భావము. 1882లో ఒక మేలు జరిగెను: ఆజ్ఞ రెండు మాసములకు మించి అమలులో నుండరాదని నియమము చేసిరి. ప్రాణాపాయము, దొమ్మీ వంటి భయములున్నచో ప్రభుత్వము గెజెటులో ప్రకటించి పొడిగింపవచ్చును, అది వేరు. 1898 కోడు 435వ సెక్షనులో రివిజను తలుపు మరల మూసిరి. హైకోర్టులు తమకు సహజముగా గల పర్యవేక్షణాధికారమును ఆధారము చేసికొని అప్పుడప్పుడు లోపలికి తొంగిచూచుచుండెడివి. 1923లో కోడును సవరించినప్పుడు ఆ నిషేధమును తొలగించిరి. అప్పటినుండి పౌరుడు తిన్నగా హైకోర్టును ఆశ్రయింపవచ్చును.

తలుపు తెరచిరి, నిజమే. కాని ఆ తలుపు దాక పోవు దారి రెండు మాసములకంటె పొడవు. గంజాము వాడైనను అనంతపురము వాడైనను ఆనాడు మద్రాసునకే పోవలెను. ముందు ఆజ్ఞకు నకలు సంపాదింపవలెను. దానికి స్టాంపు, గుమాస్తా, నిరీక్షణ. తరువాత వకీలు. అర్జీ దాఖలైన పిమ్మట ప్రభుత్వమునకు నోటీసు. మేజిస్ట్రేటునుండి రికార్డు తెప్పించుట. నడుమ వేసవి సెలవులు. కేసు పిలుపునకు వచ్చుదినమున ప్రభుత్వపు వకీలు లేచి, "ఆజ్ఞ అమలులో లేదు" అని ఒక్కమాట చెప్పిన చాలును. ప్రజల మేలుకొఱకు పెట్టిన గడువు ఈ విధముగా ఆజ్ఞకే కవచమైనది. 1882లో చట్టము వ్రాసినవారు దీనిని కోరిరని మేమనము. కాని చట్టములు వ్రాసినవారి కోరికను బట్టి నడువవు. ప్రయోగించువారి సౌకర్యమును బట్టి నడచును.

చంపారను వృత్తాంతమును ఈ దృష్టితో మరల చదువవలసియున్నది. 1917 ఏప్రిలు నెలలో గాంధీగారు నీలిమందు రైతుల కష్టములను విచారించుటకై మోతీహారి చేరిరి. 16వ తేదీన, జిల్లా విడిచి పొమ్మని 144వ సెక్షను క్రింద మేజిస్ట్రేటు తాఖీదు పంపెను. గాంధీగారు పోలేదు. 18వ తేదీన కోర్టులో నిలబడి, తాము ఆజ్ఞను పాటింపలేదని ఒప్పుకొని, శిక్షకు సిద్ధమని చెప్పిరి. తీర్పు వాయిదా పడెను. అది వెలువడక మునుపే లెఫ్టినెంటు గవర్నరు ఉత్తర్వుచేత కేసు ఉపసంహరింపబడెను. దేశమంతయు దీనిని విజయముగా కొనియాడినది, విజయమే. కాని న్యాయశాస్త్రరీత్యా చూచినచో జరిగినదేమి? ఒక బాధితవర్గపు స్థితిగతులు విచారింప వచ్చిన శాంతచిత్తుని జిల్లానుండి వెళ్లగొట్టుటకు ఆ సెక్షను పనికివచ్చునా యన్న ప్రశ్నకు ఏ న్యాయాధిపతియు ఉత్తరమీయలేదు. గాంధీగారిపై కేసు పోయినది. సెక్షను మాత్రము నిలిచినది. పేరుప్రతిష్ఠలు లేని మఱియొకనికి అదే తాఖీదు మరునాడు పంపుటకు అడ్డమేమియు లేదు.

ఇచ్చట చదువరులు గమనింపవలసిన విపరీత మొకటి యున్నది. ఆజ్ఞను శిరసావహించి, సభ మానుకొని, కాగితములు పట్టుకొని కోర్టున కేగినవాని ప్రశ్న గడువుతో పాటు చచ్చిపోవును. ఆజ్ఞను ధిక్కరించి ముద్దాయియై నిలిచినవాని ప్రశ్న చావదు. ఏలయన పీనల్ కోడు 188వ సెక్షను క్రింద అతనిని శిక్షింపవలెనన్నచో ఆ యాజ్ఞను చట్టప్రకారము అధికారము గలవాడే ఇచ్చెనని చూపవలసియుండెను. ఆజ్ఞ గడువు తీరినను ప్రాసిక్యూషను నిలిచియుండును గనుక దాని మంచిచెడ్డలు విచారణకు వచ్చును. అనగా చట్టమునకు లోబడిన పౌరునికి సమాధానము లేదు, ఎదిరించినవానికి కలదు! పాఠశాలలో మేము పిల్లలకు "ముందు చెప్పినమాట వినుము, పిదప నీ సందేహ మడుగుము" అని బోధింతుము. విన్నవాని సందేహము వినకుండుటయే పద్ధతియైనచో ఆ బోధకు విలువ యెక్కడిది?

రాజ్యాంగము వచ్చిన తరువాత ఈ సెక్షను ప్రాథమిక హక్కులకు విరుద్ధమని సుప్రీంకోర్టులో వాదించిరి. నాగపురము జిల్లా మేజిస్ట్రేటు 1956లో ఇచ్చిన ఆజ్ఞపై 1961లో తీర్పు వచ్చెను. మధులిమయే గారి వ్యాజ్యములో 1970లో మఱియొకటి. రెండింటను సెక్షను చెల్లునని కోర్టు నిర్ణయించెను. అందుకు చెప్పిన కారణములలో ముఖ్యమైనవి మూడు: ఈ యధికారము అత్యవసరమునకే, ఆజ్ఞ తాత్కాలికము, బాధితునికి దానిని ప్రశ్నించు మార్గము కలదు. ఈ రెండవ మూడవ కారణములను ప్రక్కప్రక్కన పెట్టి చూడుడు. ఆజ్ఞ తాత్కాలికము గనుక సెక్షను చెల్లును; ఆజ్ఞ తాత్కాలికము గనుకనే ప్రశ్నించువాని అర్జీ నిష్ఫలమగును. ఒకే అల్పాయువు ఆజ్ఞను రెండుమార్లు రక్షించుచున్నది. తర్కశాస్త్రము చదివినవారికి ఇది సహింపరాని వరుస. 1956 నాటి యాజ్ఞకు 1961లో తీర్పు వచ్చుట యొక్కటియే "ప్రశ్నించు మార్గము" ఎంత దూరమో చెప్పుచున్నది.

ఈ చిక్కు కలకత్తాలో పరాకాష్ఠ నందుకొన్నది. ఆనందమార్గీయుల ఊరేగింపులపై అచ్చటి పోలీసు కమిషనరు 1979 ఆగస్టునుండి నిషేధాజ్ఞ లిచ్చుచు, ఒకటి ముగియగనే మఱియొకటి వేయుచు వచ్చెను. విడివిడిగా చూచిన ప్రతి యాజ్ఞయు చట్టపు గడువులోనిదే. కలిపి చూచిన శాశ్వత నిషేధము. వేటికవి కోర్టుకు చిక్కకుండ జారిపోవునవి. 1983 అక్టోబరులో సుప్రీంకోర్టు తీర్పు చెప్పెను. తాండవనృత్యము ఆ మతమునకు అత్యవసరమైన ఆచారము కాదన్న భాగమే లోకమునకు జ్ఞాపకమున్నది. న్యాయవాదులు నేటికిని దానినే ఉదాహరింతురు. మాకు ముఖ్యముగా తోచునది రెండవ భాగము. ఆ సెక్షను స్వభావము తాత్కాలికము. అట్టి యాజ్ఞలను మరల మరల వేయుట చట్టము ఉద్దేశించినది కాదు. అది అధికార దుర్వినియోగము అని న్యాయమూర్తి రంగనాథ మిశ్రగారు వ్రాసిరి. ప్రస్తావనలోనున్న 1982 మార్చి యాజ్ఞ తీర్పునాటికి గడువు దాటినదే. అయినను కోర్టు మాట్లాడినది. నీరు పోయినదని ఊరకుండక, అదే వాగు ఏడాదికి ఆఱుమార్లు పొంగుచున్నదని గుర్తించినది.

నిషేధాజ్ఞలను వదలి స్థానికసంస్థల రద్దునకు వత్తము. ఇందులో మన తెలుగువారి పాత్ర యొకటి యున్నది. 1980 ఫిబ్రవరి 27వ తేదీన ఢిల్లీ లెఫ్టినెంటు గవర్నరు, 1911 నాటి పంజాబు మునిసిపల్ చట్టము 238వ సెక్షను క్రింద, న్యూఢిల్లీ మునిసిపల్ కమిటీని రద్దు చేసెను. సభ్యులు ప్రజలెన్నుకొన్నవారు కారు, ప్రభుత్వము నియమించినవారే. అయినను వారికొక గడువు కలదు: 1980 అక్టోబరు 3వ తేదీవరకు. రద్దుకు ముందు సంజాయిషీ అడుగలేదని వారు కోర్టున కెక్కిరి. ఢిల్లీ హైకోర్టులో ఓడి సుప్రీంకోర్టునకు వచ్చిరి. తీర్పు సెప్టెంబరు 18వ తేదీన వెలువడెను. అప్పటికి వారి పదవీకాలములో మిగిలినది పదునైదు దినములు.

తీర్పు వ్రాసినవారు తెలుగువారైన ఓ. చిన్నపరెడ్డి గారు. ప్రభుత్వపక్షమున ఒక వాదము వచ్చినది: తప్పులు రుజువైయేయున్నవి, సంజాయిషీ అడిగినను ఫలితము మారదు గనుక అడుగకుండుటవలన నష్టమేమి? ఈ వాదము వినుటకు ఇంపుగా నుండును. ప్రతి తాసిల్దారును, ప్రతి హెడ్‌మాస్టరును ఏదో యొకనాడు దీనిని వాడియే యుండును. చిన్నపరెడ్డిగారు దీనిని నిర్మొగమాటముగా త్రోసిపుచ్చిరి. ఎదుటివాని మాట వినకుండుటయే నష్టము. అంతకుమించి వేరొక నష్టమును అతడు రుజువు చేయనక్కరలేదు. ఫలితము మారునో మారదో యన్నదానిపై సహజన్యాయము ఆధారపడదు అని వారి సిద్ధాంతము. ఆజ్ఞ దోషభూయిష్ఠమని తేల్చిరి. కాని కొట్టివేయలేదు! పదవీకాలము ముగియవచ్చినది గనుక ఆజ్ఞ దుష్టమని ప్రకటించుటతోనే సరిపెట్టుకొనిరి.

ఇందు తీయనిది చేదైనది రెండును కలవు. గెలిచినవారు ఒక్కదినమైనను తిరిగి కుర్చీలో కూర్చుండలేదు. ఆఱు మాసములకుపైగా అధికారము సాగించిన తప్పుడు ఆజ్ఞ తన పని ముగించుకొనియే పోయినది. కాని "నిష్ఫలము" అని రెండు పంక్తులు వ్రాసి ముగించియుండినచో మనకు ఆ సిద్ధాంతము దక్కెడిది కాదు. ఇది నేటికిని దేశమున సంజాయిషీ అడుగక ఉద్యోగమునుండి తీసివేయబడిన గుమాస్తాకును, రద్దైన సంఘమునకును దిక్కుగా నున్నది. అంతేకాదు. 1992లో పార్లమెంటు ఆమోదించి 1993 జూన్ 1వ తేదీన అమలులోనికి వచ్చిన డెబ్బదినాలుగవ రాజ్యాంగ సవరణలో, పురపాలక సంఘమును రద్దు చేయుటకు ముందు దానికి తన మాట చెప్పుకొను అవకాశ మీయవలెననియు, రద్దైన ఆఱు మాసములలోపల ఎన్నికలు జరుపవలెననియు చేర్చిరి. అయితే ఆ సవరణలోనే చిన్న మినహాయింపు గలదు: మిగిలిన కాలము ఆఱు మాసములకంటె తక్కువయైనచో ఎన్నిక అవసరము లేదట. పదవి చివర చేసిన రద్దునకు ఇప్పటికిని గతజలన్యాయమే గతి.

అమెరికాలో ఈ సమస్యను ముందుగానే గుర్తించిరి. రైల్వే రేవులను గూర్చి అంతర్రాష్ట్ర వాణిజ్య సంఘము రెండేండ్ల గడువుతో ఇచ్చిన ఉత్తర్వుపై 1911లో వారి సుప్రీంకోర్టు ఒక సూత్రము చెప్పెను: మరల జరుగ వీలై, ప్రతిమారును విచారణకు చిక్కకుండ పోవు వ్యవహారము గడువు తీరినను నిష్ఫలము కాదు. టెక్సాసులోని మెస్కీట్ నగరము, ఆటయంత్రముల శాలలను గూర్చి చేసిన శాసనములోని యొక మాటను వ్యాజ్యము నడుచుచుండగా తొలగించెను. అంతమాత్రమున కేసు ముగియదని 1982లో అదే కోర్టు నిర్ణయించెను. తొలగించిన చేయి మరల చేర్పవచ్చును గదా! కాని 2020 ఏప్రిలులో న్యూయార్కు నగరపు కేసులో వేరుగా జరిగినది. లైసెన్సుగల తుపాకిని ఇంటినుండి ఎచ్చటికి తీసికొనిపోవచ్చునో నిర్బంధించిన నియమమది. సుప్రీంకోర్టు అప్పీలును స్వీకరించిన పిమ్మట, విచారణకు మునుపే, నగరము దానిని సడలించెను. కోర్టు కేసు నిష్ఫలమైనదని వెనుకకు పంపెను. ఓడిపోవు భయము గలవాడు ఆట మధ్యలో పలకను ఎత్తివేసినట్లున్నదని కొందఱకు తోచినది. న్యాయమూర్తి ఆలిటో తన భిన్నాభిప్రాయములో ఇంచుమించు ఈ యభ్యంతరమునే తెలిపిరి. తుపాకుల విషయమున మాకు ఆయన పక్షముతో పొత్తు లేదు. కాని ఆ యభ్యంతరము తుపాకులకు సంబంధించినది కాదు.

కోర్టులకు చేతినిండ పని యున్నది, చచ్చిన ఆజ్ఞలకు శవపరీక్ష చేయుటకు తీరిక యెక్కడిదని ప్రశ్నించువారున్నారు. ఇది త్రోసివేయదగిన ప్రశ్న కాదు. న్యాయస్థానము విద్వద్గోష్ఠి కాదు. సలహా అడుగు అధికారము రాజ్యాంగము ఒక్క రాష్ట్రపతికే యిచ్చినది. అధికారి తన తప్పు తెలిసికొని మనఃపూర్వకముగా ఆజ్ఞను తీసివేసినచో వానిని కోర్టులో నిలబెట్టి ఈడ్చుటయు మర్యాద కాదు. కాని విచారణకు ముందునాటి రాత్రి తీసివేయబడిన ఆజ్ఞ వేరు. అట్టిచో మరల ఇట్టిది వేయనని వ్రాతపూర్వకముగా పలికించుకొని, అర్జీదారు ఖర్చులు ఇప్పించి గాని విడువరాదని మా యభిప్రాయము. జాతర మూడు దినములు. ఎన్నికల సభ ఒక పూట. కార్మికుల సమ్మె పది దినములు. వీనిపై ఆజ్ఞలన్నియు పుట్టుకతోనే అల్పాయువులు. అవి బ్రతికియుండగనే విచారణ ముగియవలెనన్నచో ఏనాటికిని ముగియదు.

గడువు లేని యాజ్ఞకు ఏమగునో మన కండ్లయెదుటనే చూచితిమి. కందుకూరిలోను గుంటూరులోను సభలయందు జరిగిన తొక్కిసలాటల పిదప, 2023 జనవరి 2వ తేదీన ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వము రహదారులపై సభలను నిర్బంధించుచు ఒకటవ నంబరు జీ.వో. వెలువరించెను. దానికి ముగింపు తేదీ లేదు. కనుక ప్రశ్న నిలిచినది. మే 12వ తేదీన హైకోర్టు దానిని కొట్టివేసెను. అదే నిర్బంధమును పోలీసు అధికారులు ఊరూర పదునైదు దినముల చొప్పున వేసియుండినచో నాలుగు మాసముల విచారణకు దొరకునదేమి?

దీనికి ప్రత్యుదాహరణముగా బెంగుళూరు తీర్పును చెప్పవచ్చును. పౌరసత్వ సవరణ చట్టముపై నిరసనలు జరుగుచున్న కాలమున, 2019 డిసెంబరు 18వ తేదీన నగర పోలీసు కమిషనరు 144వ సెక్షను విధించెను. అంతకుముందు సభలకు ఇచ్చిన అనుమతులు రాత్రికి రాత్రియే రద్దైనవి. ఆజ్ఞ 21వ తేదీ అర్ధరాత్రితో ముగిసెను. అర్జీలు మాత్రము ముగియలేదు. ప్రధాన న్యాయమూర్తి అభయ ఓకా గారి ధర్మాసనము విచారణ సాగించి, 2020 ఫిబ్రవరి 13వ తేదీన, అప్పటికి ఇంచుమించు రెండు మాసములకు ముందే గతించిన ఆ మూడునాళ్ల ఆజ్ఞ చట్టవిరుద్ధమని తీర్పు చెప్పెను. మేజిస్ట్రేటు స్వయముగా ఆలోచించి అభిప్రాయము నేర్పరచుకొన్నట్లు రికార్డులో కానరాలేదు. కూడవలసిన సభలు కూడలేదు; వానిని ఏ తీర్పును తెచ్చియీయలేదు. కాని తరువాత ఆ నగరమున అట్టి కాగితముపై సంతకము చేయబోవు కమిషనరు బల్లమీద ఈ తీర్పు ప్రతి యొకటి యుండును.

కొత్త సంహితను వ్రాయునప్పుడు ఈ రెండు మాసముల నియమమును మాట మార్చక 163వ సెక్షనులో దించుకొనిరి. ఆ రెండు మాసములలోపల హైకోర్టు అర్జీని విని తేల్చవలెనన్న నియమము 1882లో లేదు; 2023లో కూడ వ్రాయలేదు.